రెండో రౌండు

రైస్ మిల్లులో పనిచేసేవాడి చొక్కా అబద్ధం చెప్పదు. మా ఆయన పర్వతాలు మిర్యాలగూడలో ఒక మిల్లులో మెకానిక్కు. రోజూ సూర్యాపేట నుంచి బండి మీద పోయి వస్తాడు. సాయంత్రం ఇంటికి చేరేసరికి కాలరు మడతలో ఊక, జేబులో ఊక, చెవి వెనక ఊక. పెళ్లయిన తొమ్మిదేళ్ల నుంచి ఆ చొక్కాలు దులిపి ఉతుకుతున్నది నేనే. అలాంటిది వినాయక చవితి దాటినప్పటి నుంచి "మిల్లుల బాయిలర్ రిపేరు ఉన్నది" అంటూ ఆదివారాలు కూడా పోవడం మొదలుపెట్టాడు. ఆ ఆదివారపు చొక్కా మాత్రం పొద్దున నేను ఇస్త్రీ చేసి ఇచ్చినట్టే తిరిగి వచ్చేది.

మొదటిసారి ఊరుకున్నాను. రెండోసారి చొక్కా వాసన చూశాను. సెంటు కాదు, పౌడరు కాదు, ఏసీ గదుల్లో కొట్టే నిమ్మకాయ స్ప్రే వాసన. బాయిలర్ దగ్గర ఏసీ ఎక్కడిదో నాకు అర్థం కాలేదు.

ఆ తర్వాత ఆయన వేళ్లు చూశాను. రెండు బొటనవేళ్ల మీదా బొబ్బలు లేచి ఉన్నాయి.

"ఏమైంది ఏళ్లకు?" అని అడిగాను.

"స్పానర్ తాకింది."

స్పానర్ తాకితే గోరు నల్లబడుతుంది, తోలు లేస్తుంది. రెండు బొటనవేళ్లకూ ఒకేచోట చూసి చూసి తాకే స్పానర్ ఇంకా తయారు కాలేదు. కానీ నేను ఏమీ అనలేదు. దొంగను పట్టాలంటే ముందే అరవకూడదని మా నాయన చెప్పేవాడు.

మూడోది నా ఫొటో. బీరువాలో పట్టుచీరల కింద ఒక ఫొటో దాచుకున్నాను. డిగ్రీ చదివేటప్పుడు నల్లగొండలో ఎనిమిది వందల మీటర్ల పరుగు గెలిచిన రోజు తీసింది. ముఖం నిండా చెమట, ఛాతీ మీద నంబరు, నోరంతా నవ్వు. ఆ తర్వాత హైదరాబాదులో రాష్ట్ర క్యాంపుకు పేరు వచ్చింది, అదే నెలలో సంబంధమూ వచ్చింది. "పెండ్లైనంక గూడ ఉరకనియ్యాలె" అని మా నాయన పెళ్లి మాటల్లోనే అడిగాడు. పర్వతాలు తలూపాడు. పెళ్లైన వారానికి నేను తెల్లవారి బూట్లు కట్టుకుంటుంటే మా అత్త ఈదమ్మ గుమ్మానికి అడ్డం నిలబడింది.

"మామ ముంగట కోడలు ఉరుకుడు మా ఇంట్ల లేదు" అంది.

మా మామ అప్పటికే పోయాడు. గుమ్మం పైన దండ వేసిన ఫొటోలో ఉన్నాడు. ఆ ఫొటో ముందు కూడా నేను పరుగెత్తకూడదట. పర్వతాలు వాకిట్లో బండి కడుగుతూ అంతా విన్నాడు, నోరు మెదపలేదు. బూట్లు అటకెక్కాయి, క్యాంపు గడిచిపోయింది. పట్టుచీరల కింద ఆ ఒక్క ఫొటో మిగిలింది. ఇప్పుడు అదీ లేదు.

మాకు పిల్లలు లేరు. పాలకీడులో తన అక్క కొడుకు రెండో పెళ్లి చేసుకుంటే ఏడాది తిరక్కుండా బిడ్డ పుట్టిందని మా అత్త నాలుగు రోజులకోసారి ఎవరికో ఒకరికి చెబుతుంది. ఎప్పుడూ నాకు చెప్పదు, నాకు వినపడేటట్టు చెబుతుంది. ఆ మాటకు, పోయిన ఫొటోకు, శుభ్రమైన చొక్కాకు లంకె వేయడానికి నాకు ఎంతోసేపు పట్టలేదు.

ఆ లంకెకు ముడి వేసింది ఎదురింటి కవిత. ఆమె కోదాడలో బట్టల దుకాణంలో పనిచేస్తుంది, రోజూ బస్సులో పోయి వస్తుంది.

"వదినా, ఒక మాట చెప్త, కోపానికి రావద్దు" అంది. "మొన్న ఐతారం అన్న కోదాడల కనపడ్డడు. బస్టాండు కాడ జిరాక్స్ షాపు లేదా, దాని పక్క మెట్లెక్కుతుండె. పైనకెల్లి ఒకామె నవ్వుకుంట తలుపు తీసింది."

నా ఫొటో సంగతి చెప్పాను. కవిత గొంతు తగ్గించింది.

"పెండ్లాం ఫొటో పట్టుకొని జిరాక్స్ షాపు సుట్టు తిరుగుతుండంటే వకీలు కాయితాలే వదినా. మా పిన్ని బిడ్డకు గట్లనే అయింది."

ఆ రాత్రి టీవీలో ఆసియా క్రీడలు వస్తున్నాయి. ఆడవాళ్ల ఎనిమిది వందల మీటర్లకు అందరూ గీత మీద నిలబడ్డారు. నేను ఛానల్ మార్చేశాను. ప్రతిసారీ మారుస్తాను, చూస్తే నా కాళ్లు ఊరుకోవు. పక్కకు తిరిగితే పర్వతాలు టీవీని కాదు, నన్ను చూస్తున్నాడు. విడాకుల మాట ఎలా ఎత్తాలా అని ఆలోచిస్తున్నాడనుకున్నాను.

శనివారం ఒక రాయి వేసి చూశాను. "రేపు నేను గూడ మిర్యాలగూడ వస్త. మా చిన్నమ్మను సూసి శాన రోజులాయె."

తేలు కుట్టిన దొంగలా అయ్యాడు. "మిల్లు కాడ ఏమున్నది, ఊక తప్ప" అన్నాడు.

"ఊకనే సూస్త. ఈ నడుమ నీ చొక్కాకు కనపడ్తలేదు."

ఆయన అన్నం కలిపిన చేయి కంచంలోనే ఆగిపోయింది. వచ్చే వారం తీసుకుపోతానని గొణిగి లేచిపోయాడు.

ఆదివారం పొద్దున ఆయన బండి వీధి మలుపు తిరగగానే నేను కోదాడ బస్సెక్కాను. మునగాల దాకా ఏం తిట్టాలో అనుకుంటూ పోయాను. మునగాల దాటాక ఏడుపు వచ్చింది. కాగితాల మీద సంతకం పెట్టమంటే పెట్టకూడదని మాత్రం గట్టిగా అనుకున్నాను.

కవిత చెప్పిన మెట్ల కింద ఆయన బండి ఉంది. పైకెక్కి తలుపు కొట్టాను. నా ఈడుదే ఒకామె తీసింది. మెడలో సన్నటి సిలువ గొలుసు, ముఖాన నవ్వు. ఆమె భుజం మీదుగా నిమ్మకాయ స్ప్రే వాసన నా ముక్కుకు కొట్టింది.

"రండక్కా, ఎవరు కావాలండి?" అంది.

"పర్వతాలు. నేను ఆయన భార్యను."

ఆమె తడబడుతుందని చూశాను. తడబడలేదు సరికదా, ముఖం ఇంకా విప్పారింది. "కళ్యాణక్క మీరేనా? నా పేరు గ్రేస్ అండి. ఈ గేమ్ సెంటర్ మాదే. చప్పుడు చేయకండి, ఆయన పందెంలో ఉన్నారు."

లోపల చల్లగా, చీకటిగా ఉంది. గోడ నిండా టీవీలు, ఒక్కో టీవీ ముందు ఒక్కో కుర్చీ. కాలేజీ పిల్లల మధ్య మా ఆయన కూర్చుని ఉన్నాడు. చేతిలో బటన్ల రిమోటు, దాని మీద రెండు బొటనవేళ్లూ దడదడలాడుతున్నాయి. బొబ్బల సంగతి అక్కడే తేలింది. ఎదురుగా తెర మీద పెద్ద స్టేడియం, ఆసియా దేశాల జెండాలు, గీతల మధ్య ఎనిమిది మంది అమ్మాయిలు పరుగెత్తుతున్నారు. అందరికంటే ముందున్న పిల్ల ముఖం నాది.

నిజంగా నాదే. నల్లగొండలో నవ్విన ముఖం. బొమ్మ తల మీద కళ్యాణి అని ఇంగ్లీషులో పేరు, పక్కన మన జెండా.

"ఫొటో పెడితే బొమ్మకు ఆ ముఖం వస్తుందక్కా" అని గ్రేస్ నా చెవిలో చెప్పింది. "మా ఆవిడది పెట్టొచ్చా అని అడిగారు. కింద జిరాక్స్ షాపులో స్కాన్ చేయించింది నేనే. మెడల్ వచ్చేదాకా మీకు తెలియొద్దన్నారు. కానీ ఎన్ని వారాలాడినా ఆరో ఏడో స్థానమేనండి."

ఎందుకో నాకు వెంటనే తెలిసింది. గంట కొట్టింది, ట్రాకు చుట్టూ రెండో రౌండు మొదలైంది. అప్పటిదాకా ముందున్న నా బొమ్మ తల వేలాడేసింది. ఒకరి తర్వాత ఒకరు దాటిపోయారు. ఆయన పళ్లు బిగించి బటన్లు కొడుతూనే ఉన్నాడు.

నా నోరు ఆగలేదు. "మొదటి రౌండులనే దమ్మంత ఊడ్చి పెడితే రెండో రౌండుకు ఏముంటది?"

రిమోటు ఆయన చేతిలోంచి ఒళ్లో పడింది. తిరిగి చూశాడు. నా బొమ్మ ఏడో స్థానంలో గీత దాటి మోకాళ్ల మీద చేతులు పెట్టుకుంది.

"నువ్వెట్లొచ్చినవ్?" అన్నాడు.

"బస్సుల. వకీలు కాడ ఉన్నవేమో అనుకొని."

"వకీలెందుకు?" నిజంగానే అర్థం కాలేదు ఆయనకు. "టీవీల గా పందెం రాంగనే ఛానల్ మారుస్తవ్. ఎందుకు మారుస్తవో నాకెర్కనే. నీకు ఒక్క మెడల్ అన్న వస్తే తీస్కొచ్చి సూపిద్దామనుకున్న."

గుండెల మీద నుంచి బండ దిగినట్టయింది. వకీలూ లేడు, రెండో పెళ్లీ లేదు. నా మొగుడు ఆదివారాలు దొంగతనంగా వచ్చి నన్నే గెలిపించాలని చూస్తున్నాడు. అక్కడితో ఆగిపోతే ఎంత బాగుండేదో. కానీ నా కళ్లు బొమ్మ కాళ్ల మీద పడ్డాయి. మిగతా ఏడుగురికీ నిక్కర్లున్నాయి. నా బొమ్మకు మాత్రం మడమల దాకా పైజామా.

"నిక్కరెందుకెయ్యలే?" అని అడిగాను.

ఆయన తల వంచుకున్నాడు. "ఏమో... అమ్మ ఎప్పుడన్న సూస్తే బాగుండదని..."

కోదాడలో, మేడ మీద, ఏసీ గదిలో, తెర మీది బొమ్మ ముందుకు కూడా మా అత్త వచ్చి కూర్చుంది. నాకు ఒళ్లు మండిపోయింది.

"నేనెట్ల ఉరుకుతనో సూసినవా నువ్వు? ఒక్కసారన్న?"

"సూడలే" అన్నాడు.

"సూడనోనివి దీనికేం నేర్పుతవ్? ఇది నా కోసం ఆడుతున్నవా, నీ మనసుల బరువు దించుకోవాలని ఆడుతున్నవా?"

టీవీ కింద పెట్టిన నా ఫొటో తీసుకుని మెట్లు దిగాను. ఆయన వెనకే వచ్చాడు. అప్పుడే సూర్యాపేట బస్సు స్టాండులోంచి బయటికి తిరిగి పెద్ద రోడ్డు వైపు పోతోంది.

"బస్సు పోయింది, బండెక్కు" అన్నాడు.

నేను చెప్పులు విప్పి చేత పట్టుకున్నాను. కుచ్చిళ్లు బొడ్లో దోపుకున్నాను. మొదట తొందరపడలేదు. బస్సును పోనిచ్చాను, ఊపిరిని అదుపులో పెట్టుకుని అడుగులు సాగదీశాను. కొబ్బరిబొండాల బండివాడు చూశాడు, బట్టల దుకాణం మెట్ల మీద మగవాళ్లు చూశారు, చూడనీ అనుకున్నాను. మూల మీద ఆటోలు అడ్డం వచ్చి బస్సు నెమ్మదించింది. నాలో దాచుకున్నదంతా అప్పుడు బయటికి తీశాను. అది ఇంకా అక్కడే ఉంది, తొమ్మిదేళ్లు అత్తగారింట్లో ఉన్నా ఎక్కడికీ పోలేదు. కమ్మీ అందుకుని ఎక్కి వెనక్కి చూస్తే, ఆయన బండి తాళం చేతిలో పట్టుకుని నడిరోడ్డు మీద నిలబడి ఉన్నాడు. వెనక లారీ హారన్ కొడుతున్నా కదలడం లేదు.

బస్సు మునగాల చేరేసరికి ఫోన్ చేశాడు.

"కళ్యాణీ, సూసిన" అన్నాడు. "ముందుగాల మెల్లగ పోతుంటే అందదనుకున్న."

నేను అరికాళ్ల మట్టి దులుపుకుంటున్నాను.

"మల్లొకసారి సూడాలె" అన్నాడు.

"రేపు పొద్దుగాల కాలేజీ గ్రౌండుకు రా. మీ అమ్మను గూడ తీస్కరా."

అంతటితో వదల్లేదు నేను.

"గుమ్మం మీదికెల్లి మీ నాయిన ఫొటో గూడ దించుకరా. నేను ఆయన ముంగటనే ఉరుకుత. ఫొటో నువ్వే పట్టుకొని నిలబడాలె."

సరే అన్నాడు. పెళ్లి మాటల్లోనూ ఇలాగే తలూపాడు కాబట్టి ఆ సరేను నేను అప్పుడే నమ్మలేదు. సూర్యాపేటలో దిగి, ఇంటికి పోకుండా, ముందు బూట్ల దుకాణానికి పోయాను.