పంతొమ్మిదో పేజీలో ఒక వరుస

వదిన రాసిన వ్యాసాన్ని ప్రచురిస్తామని గణిత పత్రికవాళ్ళ నుంచి మెయిల్ వచ్చినప్పుడు నేను మా ఆయన చొక్కాకి గుండీ కుడుతున్నాను. పెళ్ళై నలభై రోజులు. గుండీ కుట్టడం కూడా నాకు సరదాగానే ఉంది. కంప్యూటర్ ముందు కూర్చున్న వదిన, అంటే మా ఆయన అక్క, ఆ మెయిల్ రెండుసార్లు చదివింది. "తీసుకున్నారు" అంది చివరికి. సంఖ్యల గురించిన ఆ ఒక్క సిద్ధాంతం కోసం ఆవిడ పదకొండేళ్ళు పెట్టింది.

సూది వదిలేసి ఆవిడ మెడ చుట్టూ చేతులు వేశాను. "నాకూ అర్థమయ్యేలా చెప్పండి వదినా. మా అమ్మ దగ్గర గొప్పలు పోవాలి."

"డిగ్రీ చదివావుగా మరదలు పిల్లా, భయపడకు." గోడ గడియారం చూపించింది. "పన్నెండు దాటితే మళ్ళీ మొదలు. కాబట్టి ఇక్కడ పన్నెండంటే సున్నా. మూడు నాలుగులు?"

"సున్నా."

"మూడు ఎనిమిదులు?"

"ఇరవై నాలుగు, అదీ సున్నానే." నాకు భలే సంబరమేసింది. "రెండూ సమానమేగా. రెండువైపులా మూడు కొట్టేస్తే నాలుగూ ఎనిమిదీ ఒకటే. రాత్రి భోజనం నాలుగింటికే పెట్టేయొచ్చు."

వదిన నవ్వింది. "అలా కొట్టేయకూడదే. పదమూడు గంటల గడియారమైతే సరే. పదమూడు ప్రధాన సంఖ్య, అక్కడ ఈ తిరకాసు లేదు. పన్నెండు దగ్గర కొట్టేస్తే..."

ఆగిపోయింది. వ్యాసం తీసి పంతొమ్మిదో పేజీ తెరిచింది.

మొదట ప్రధాన సంఖ్యలకే రుజువు చేసిందట. అది ఏనాడో అచ్చయింది. తర్వాత అన్ని సంఖ్యలకూ విస్తరిస్తూ, పాత రుజువులోంచి ఒక వరుసను ఉన్నదున్నట్టు దించుకుంది. ఆ వరుసలో, నేను మూడు కొట్టేసినట్టే, రెండువైపులా ఉన్నదాన్ని కొట్టేసింది. పత్రిక తరఫున వ్యాసం పరిశీలించినవాళ్ళూ గమనించలేదు.

మధ్యాహ్నమంతా పన్నెండు పెట్టి చూసింది. సిద్ధాంతం నిలవలేదు. సరిదిద్దడానికి ఏమీ మిగల్లేదు.

మెయిల్ రాగానే నేను ఫోన్లో చెప్పిన కబురుకి, సాయంత్రం మా ఆయన మిఠాయి డబ్బాతో వచ్చాడు. "మా అక్కకి లెక్కల్లో వంద, వంటలో సున్నా" అంటూ లోపలికొచ్చి, మా ముఖాలు చూసి ఆగాడు. నేనే చెప్పాను.

"ఎవరూ కనిపెట్టలేదుగా అక్కా" అన్నాడు మెల్లగా. "అచ్చు కానివ్వు."

"నాకు తెలుసు కదరా."

"నేను నోరు మూసుకోవాల్సింది వదినా" అన్నాను. ఏడుపు ఆగలేదు.

ఆవిడ నా చెయ్యి పట్టుకుంది. "ఇన్నేళ్ళలో ఈ ఇంట్లో ఎవరూ ఇదేమిటని అడగలేదే నన్ను. నువ్వే మొదలు."

తర్వాత కాగితాలన్నీ సర్ది ఫైల్లో పెట్టింది. "రేపు పొద్దున్నే రాస్తాను వాళ్ళకి, వేయొద్దని. రాసేదాకా నా పక్కన కూర్చో."