రాతికెక్కిన ఇరవయ్యో పేరు

పెద్ద వంతెన కొట్టుకుపోయిన వరద తర్వాత మూడో ఏడు అది. ఈ మహానగరంలో పుట్టిన ఇరవై మంది గొప్పవాళ్ల పేర్లు ఒక్క రాతి మీద చెక్కించి పురపాలక కార్యాలయం ముందు నిలబెట్టాలని పెద్దలు తలపెట్టారు. ఆ పని రాళ్లు చెక్కే ముసలాయనకు వచ్చింది. నగరంలో సగం శంకుస్థాపన రాళ్ల మీద ఉన్నవి ఆయన చేతి అక్షరాలే.

ఆయన చదివింది మూడో తరగతి. మాట్లాడేది అంతకన్నా తక్కువ. అలాంటి మనిషి జాబితా చివర తన అక్క పేరు చూసి దుకాణంలో ఒక్కడే నవ్వుకున్నాడు. అక్క మంత్రసాని. వరద ముంచెత్తిన ఆ వారం బడి మేడ మీద పదకొండు పురుళ్లు పోసింది. ఒక్క ప్రాణం పోలేదు.

రాతిని నిలబెట్టి కింది వరస నుంచి పైకి చెక్కడం ఆయన పద్ధతి. పైనుంచి మొదలుపెడితే మణికట్టు రాసుకుని కింద అక్షరాలకు గీసుకున్న ఎర్రగీతలు చెరిగిపోతాయి. అలా అందరికన్నా ముందు అక్క పేరే రాతికెక్కింది. ఆమెకు చదువు రాదు. రోజూ ఏదో వంక పెట్టుకుని వచ్చి, ఆ అక్షరాల్లో వేలు పెట్టి తడిమి పోయేది.

అన్నిటికన్నా పైనున్న పేరు కూడా అయిపోయిన రోజున పురపాలక గుమాస్తా వచ్చాడు. చివరి పేరు తీసేసి పురపాలక అధ్యక్షుడిగారి మామగారి పేరు పెట్టాలన్నాడు. ఆ మామగారు కట్టించిన మేడలే వరదలో పేకమేడల్లా కూలాయి.

"మా అక్క ఇక్కడే పుట్టింది. ఆయనెక్కడ పుట్టాడు?" అన్నాడు ముసలాయన.

"గొప్పవాళ్లు ఎక్కడ పుట్టామంటే అక్కడే పుట్టినట్టు పెద్దాయనా."

అక్క అక్కడే బల్ల మీద కూర్చుని ఉంది. "ఆ నాలుగో పేరు జడ్జిగారిదే కదూ? ఎదురుకాళ్లతో వచ్చాడు. తిప్పి లాగింది నేనే. ఎక్కడ పుట్టాడో నన్నడుగు, చెప్తాను" అంది.

ముసలాయనకు అరికాలి మంట నెత్తికెక్కింది. రాతి మీద ఒక్క పేరు తీయడం కుదరదనీ, తీస్తే ముఖం మొత్తం అరగదీయాల్సిందేననీ చెప్పాడు. గుమాస్తా విసుక్కుని, ఆ అక్షరాల్లో లప్పం కూరి దాని మీదే చెక్కెయ్యమన్నాడు. లేకపోతే రేపు పదింటికి వేరే మనిషిని తెచ్చి తనే చేయిస్తానని చెప్పి పోయాడు.

అక్క బల్ల మీంచి లేచి రాతి దగ్గరికి వచ్చింది.

"తీసెయ్యరా తమ్ముడూ. నాకేం కాదు. కానీ నా పేరు నోట్లో మట్టి కూరి, దాని నెత్తిన ఆ మనిషిని కూర్చోబెట్టకు. అది మాత్రం చూడలేను."

 

మర్నాడు తెల్లవారుతూనే దుకాణం లోపల గడియ పెట్టి, రాతిని వెల్లకిలా పడుకోబెట్టి, నీళ్లు పోసి, రాయి అరగదీసే సానయంత్రం ఎత్తాడు. పైవరసతో మొదలుపెట్టాడు. పాటగాడు పోయాడు, జడ్జి పోయాడు, వస్తాదు పోయాడు. గుమాస్తా వచ్చి తలుపు బాదేసరికి చివర మిగిలిన అక్క పేరు మీద ఉన్నాడు. యంత్రం ఆపలేదు.