ఫక్రున్నీసా పూత

ఫక్రున్నీసా భర్త నవాబ్ పోయాక వన్‌టౌన్‌లోని కళాయి కొట్టు ఎత్తేసి, ఆ చోట సెల్‌ఫోన్ల షాపు పెట్టాలని కొడుకు జాకీర్ తీర్మానించేశాడు. స్టీలు గిన్నెల కాలంలో రాగి గుండిగలకు తగరం పూత వేయించుకునేదెవరన్నాడు. ఫక్రున్నీసాకు ఒళ్లు మండింది. పెళ్లయిన నాటి నుంచి ఆ కొలిమి దగ్గర తిత్తి ఊదింది ఆమే. తిత్తి ఆడవాళ్లదీ పూత మగవాళ్లదీ అని ఏ మహానుభావుడు పెట్టాడో గానీ, ఆమె చూపు మాత్రం ఎప్పుడూ పూత మీదే ఉండేది.

ఓ ఉదయం కంకిపాడు నుంచి పెళ్లివంటల గంగాధర్ గుండిగతో ఆటో దిగాడు. నవాబ్ లేడని విని వెనక్కి తిరిగాడు.

"దింపండి, నేను వేస్తాను."

"రేపు ఇందులో పులిహోర కలపాలమ్మా. పూత తేడా వస్తే పులుపుకి విషమైపోద్ది."

"మా కొట్టు పద్ధతి తెలుసుగా? చింతపండు రసం పోసి ఉంచి, పూత వేసినవాళ్లమే ముందు తాగుతాం."

తిత్తి ఊదరా అంటే జాకీర్ కదల్లేదు. "బజారంతా నవ్వుద్ది అమ్మీ" అన్నాడు. ఆమె ఒక్కతే అన్నీ చేసుకుంది. పూత పట్టడానికి నవాసాగరం పొడి చల్లి, కరిగిన తగరాన్ని దూదితో గుండిగంతా పులిమేలోగా, ఊదేవాళ్లు లేక నిప్పు నీరసించేది. మధ్యాహ్నానికి, పోసి ఉంచిన చింతపండు రసంలో పచ్చగా చిలుము తేలింది.

"కడిగేసి ఇచ్చేద్దాం, పీడా పోద్ది" అని జాకీర్ గొణిగాడు.

"నా చేత్తో పెళ్లివాళ్లకు విషం పెట్టిస్తావా?"

గంగాధర్ రాగానే ఆమే గుండిగ వంచి, పూత అంటని చోటు చూపించింది. "ఇక్కడ తప్పిందండీ. మళ్లీ వేస్తాను, కూర్చోండి." తర్వాత కొడుకు వైపు తిరిగింది. "మీ నాన్న వేసిన ప్రతి పూతా నేనూదిన గాలితో వేసిందే. నేను కూర్చున్న చోట కూర్చోడానికి నీకు సిగ్గా?"

జాకీర్ కూర్చున్నాడు. ఎదురు టీకొట్టు దగ్గర ఎవరో కిసుక్కుమన్నారు. తలొంచుకుని ఊదుతూనే ఉన్నాడు. ఈసారి నిప్పు తగ్గలేదు.

సాయంత్రానికి, మళ్లీ పోసిన రసం రంగు మారకుండా పోసినప్పటిలాగే ఉంది. ఫక్రున్నీసా గ్లాసుడు తాగి, ఇంకో గ్లాసు గంగాధర్‌కి ఇచ్చింది. అతను తాగి చూసి, పాత సామాన్లవాడికి వేద్దామని ఆటోలో ఉంచుకున్న రెండో గుండిగ కూడా దించాడు.

"నవాబ్ గారి చెయ్యి ఎక్కడికీ పోలేదమ్మా."

"పోయిందండీ. ఆయన చెయ్యి ఆయనతోనే పోయింది. ఇది నాది."

జాకీర్ ఏదో అనబోయాడు.

"నిప్పు ఆరిపోతోంది" అంది ఆమె. "ఊదు."