వందమందికి తక్కువైతే

పొద్దున్నే మిల్లు గేటు ముందు బల్లెక్కి మాట్లాడటం, మధ్యాహ్నం ఇంటికొచ్చి పలక అందుకోవడం. యూనియన్ నాయకుడి దినచర్య అదీ. లేబర్ పార్టీ టికెట్ మీద ఎన్నికల్లో గెలిచిన నాటి నుంచి, ఎదురుగా వందమంది లేకపోతే ఆయన గొంతు ఎవరికీ వినబడదు. డాక్టరు నోరు తెరిపించి చూసి, "గొంతుకేం రోగం లేదు, జనమే చాలట్లేదు" అని పంపేశాడు. మూసిన తలుపుల వెనక యజమానులతో బేరాలాడలేడని కార్మికులు ఆయన్ని మరింత నమ్మారు. నమ్మరా మరి! వేలమంది ఆకలిని ఊరంతటికీ వినిపించిన గొంతు, సొంత వంటగదిలో ఉప్పు అడగలేకపోతే నష్టం భార్యకే కదా.

ఆమె పదకొండేళ్ళు పలక చదివింది. నీళ్ళు. తలుపు. రేపు సభ.

ఆ రోజు సంచి సర్దుకుంది.

"మా చెల్లెలి దగ్గరికి పోతున్నా. మళ్ళీ రాను. ఉండమని ఒక్కసారి నోటితో అను, ఉంటా."

ఆయన పెదాలు కదిపాడు. పలక అందుకుని దాని మీద "ఉండు" అని రాశాడు.

"తడిగుడ్డకు చెరిగిపోయే మాటకు నేనుండను."

పక్కవాటాలో ఉండే మిల్లు కార్మికురాలు కిటికీలోంచి అంతా వింది. "పది నిమిషాలాగు వదినా, ఇది కాకపోతే ఇంకో బస్సు!" అని అరిచి, చెప్పులైనా వేసుకోకుండా గేటు దగ్గరికి పరుగెత్తింది. రెండో షిఫ్టుకు వచ్చినవాళ్ళందరూ అన్నం డబ్బాలతో సహా సందులోకి వచ్చేశారు. అరుగులు నిండాయి, పిట్టగోడలు నిండాయి.

"కానియ్యన్నా, టైమవుతోంది!" అన్నాడు మగ్గాల మెకానిక్కు.

ఆయన గొంతు సవరించుకున్నాడు. "కార్మిక సోదర సోదరీమణులారా..."

"నేను నీకు సోదరినా?" అంది భార్య గుమ్మంలోంచి.

సందంతా ఘొల్లుమంది. ఆయన నవ్వలేదు. తన గొంతు తన ఇంటి గోడకు తగిలి వెనక్కి రావడం విని బెదిరిపోయాడు.

"వెళ్ళొద్దు," అన్నాడు.

"వెళ్ళొద్దు! వెళ్ళొద్దు!" అలవాటు కొద్దీ పిడికిళ్ళు లేచాయి.

"మీరు నోర్ముయ్యండి," అందామె. "పోకండి, ఇక్కడే ఉండండి. నోరు మాత్రం ముయ్యండి."

పిడికిళ్ళు దిగాయి.

"వెళ్ళొద్దు," అన్నాడాయన మళ్ళీ, ఈసారి మెల్లగా. "ఒక్కణ్ణే ఉంటే నా గొంతు నాక్కూడా వినబడదు."

ఆమె సంచి కింద పెట్టి మెట్టు మీద కూర్చుంది.

"ఇంకా ఏమేం దాచుకున్నావో చెప్పు. వీళ్ళ షిఫ్టు గంట కొట్టేలోపు."