పెద్దులు గెలిచిన కేసు

కోస్గి దగ్గరి ఊళ్లో బడికి రెండు గదులు కట్టినందుకు మేస్త్రీ పెద్దులుకు సర్కారు నుంచి రావలసిన బిల్లు రెండేళ్లయినా రాలేదు. ఆ గదుల్లో పిల్లలు ఎక్కాలు చదువుతూనే ఉన్నారు. గోడల రంగు వెలిసిపోయింది కూడా. ఇంజనీరు ఆఫీసుకు ఎప్పుడు పోయినా ఒకటే మాట: ట్రెజరీలో టోకెన్ పడింది, ఇక డబ్బు పడటమే ఆలస్యం. ఆ టోకెన్ నంబరును పెద్దులు నిద్రలో లేపి అడిగినా చెబుతాడు. తన పుట్టిన తేదీ మాత్రం ఆయనకు తెలియదు.

సిమెంటు, ఇనుప సలాక అన్నీ సాయిలు దుకాణంలో ఉద్దెరకు తెచ్చినవే. పూచీగా భార్య ఈదమ్మ పట్టా పాసుపుస్తకం సాయిలు బీరువాలో ఉంది. అది ఆమె తల్లి ఇచ్చిపోయిన రెండెకరాల చెలక. దసరాలోపు బాకీ తీరకపోతే దాన్ని తన పేర చేయాలని సాయిలు ముందే చెప్పి పెట్టాడు. చెడ్డవాడేం కాదు, అతని మెడ మీదా సిమెంటు కంపెనీవాళ్లు కూర్చున్నారు.

ఇక లాభం లేదని పెద్దులు హైకోర్టుకు పోయాడు. ఫీజు కోసం కాంక్రీటు కలిపే మిషను అమ్మాడు. నాలుగు నెలలకు వకీలు సుచరిత ఫోన్ చేసి, ఆర్డర్ మనకే వచ్చింది, ఆఫీసుకు ఎనిమిది వారాల గడువిచ్చారు అంది. ఆమె ఇంకేదో చెప్పబోతుంటే పెద్దులు దండం పెట్టి ఫోన్ కట్ చేశాడు. ఫోన్లో దండం ఎవరికి కనిపిస్తుంది గనక.

గెలిస్తే యాటను కోస్తానని మైసమ్మకు మొక్కుకుని ఉన్నాడు. డబ్బు చేతికొచ్చాక చేద్దామని ఈదమ్మ అంటే, మొక్కు ఆపితే తల్లి ఊరుకుంటుందా అని కసిరాడు. ఆలు లేదు, చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నట్టు కూలీలను, సెంట్రింగువాళ్లను, సాయిలును పిలిచి దావత్ ఇచ్చాడు. ఆ యాట కూడా ఉద్దెరే.

తొమ్మిదో వారం ఆఫీసు నుంచి ఉత్తరం వచ్చింది. కోర్టు ఆదేశం ప్రకారం మీ దరఖాస్తును పరిశీలించాము, నిధులు రాగానే చెల్లిస్తాము అని ఉంది. పెద్దులుకు ఒళ్లు మండిపోయింది. దాన్ని పట్టుకుని పోతే ఇంజనీరు చాయ్ తెప్పించి మరీ చెప్పాడు.

"కోర్టు పరిశీలించమన్నది, పరిశీలించినం. గీండ్ల నా తప్పేమున్నది పెద్దులూ?"

సుచరిత ఆ రోజు చెప్పబోయింది అదేనట, ఆర్డర్లో చెల్లించమని లేదు, పరిశీలించమనే ఉందని. మళ్లీ కేసు వేయవచ్చు అంది. అంటే మళ్లీ ఫీజు. అమ్మడానికి ఇంకో మిషను లేదు.

పెద్దులు చూపించబోతే సాయిలు ఆ ఉత్తరాన్ని చూడనే లేదు.

"పైసలు రాకుంటే యాటనెవడు కోస్తడు పెద్దులన్నా? నేను గూడ తింటిని గదా."

ఊరంతా అదే మాట. డబ్బు వచ్చింది, దాచుకున్నాడు. రెండున్నరేళ్లు జాలిపడ్డవాళ్లు ఒక్క పూట బువ్వతో ఆయన్ని దొంగను చేశారు. కూలీలు సైతం ఎదురుపడితే మొహం తిప్పుకుంటున్నారు. తన చేత్తో తనే నెత్తిన దుమ్ము పోసుకున్నానని పెద్దులు రోజూ తనను తాను తిట్టుకున్నాడు. ఈదమ్మ మాత్రం ఒక్క మాట అనలేదు. అంటే బాగుండుననిపించింది ఆయనకు.

దసరాకు వారం ముందు తహసీల్దారు ఆఫీసులో ఈదమ్మ సాయిలు పేర చెలక రాసిచ్చింది. వేలిముద్రలయ్యాక తహసీల్దారు మేడం కంప్యూటర్ మీంచి తలెత్తి, రూలు ప్రకారం అందరినీ అడిగే మాటే అడిగింది.

"పైసలు మొత్తం ముట్టినయా అమ్మా?"

రెండున్నరేళ్లలో సర్కారు కుర్చీలో కూర్చున్నవాళ్లెవరూ వాళ్లను ఆ మాట అడగలేదు. పెద్దులు చెయ్యి జేబులోని ఉత్తరం మీదికి పోయింది. ఈదమ్మ ఆ చేతిని పట్టుకుని ఆపింది.

"ముట్టినయి మేడం," అంది.