అర్లిస్ కొట్టులో కోడిపిల్లల శనివారం

ఏప్రిల్‌లో మంచు కురవడం నార్త్ డకోటాలో వింతేమీ కాదు గానీ, కోడిపిల్లలు అమ్మే శనివారం నాడే కురవాలా అని అర్లిస్ ఆకాశాన్ని తిట్టుకుంది. ఆమె దాణా కొట్టు నిండా పెట్టెలు, పెట్టెల నిండా కిచకిచలు. ఏటా ఈపాటికి జనం గుమ్మం బయట దాకా నిలబడేవారు. ఈసారి హైవే పక్కన పెద్ద దుకాణం వెలిసింది, అక్కడ పిల్లలు చవక. పొద్దెక్కినా ఇటు తొంగిచూసిన నాథుడు లేడు. ఇవి అమ్ముడుపోకపోతే వచ్చే ఏడు కొట్టు తెరవడం కల్ల.

గోరుచుట్టు మీద రోకటి పోటులా కరెంటు కూడా పోయింది. వెచ్చదనం కోసం వేలాడదీసిన ఎర్రదీపాలన్నీ ఆరిపోయాయి. చలికి పిల్లలు ఒకదాని మీదొకటి ఎక్కడం మొదలుపెట్టాయి. అలా ఎక్కితే కిందవి ఊపిరాడక చస్తాయి. అర్లిస్ గబగబా దొరికినన్నిటిని కోటులో వేసుకుంది. మిగతావాటి సంగతేమిటి?

తలుపు తోసుకుని డెల్మర్ వచ్చాడు. ఏళ్ల తరబడి ఇక్కడే కొని, ఈసారి హైవే దారి పట్టిన ముసలాయన.

"దారి తప్పావా డెల్మర్? నీ పెద్ద దుకాణం అటు."

"దెప్పడం తర్వాత. ఊరంతా కరెంటు పోయింది, మా ఇంట్లో కట్టెల పొయ్యి ఉంది. ఆ పెట్టె ఇటియ్యి."

"అక్కడివాటిని ఎవరు చూస్తారు మరి?"

"వాళ్లకు జనరేటరుంది. నీకేముంది, మేం తప్ప?"

అతని వెనకే, ఇంట్లో కట్టెల పొయ్యి ఉన్నవాళ్ల బండ్లు బారులు తీరాయి. ఏ జాతివి, ఎంత అని ఒక్కరూ అడగలేదు. కోట్లలో, టోపీల్లో, అన్నం డబ్బాల్లో పిల్లల్ని సర్దుకున్నారు. అర్లిస్‌కు ప్రాణం లేచొచ్చింది. "కుక్కి పెట్టకండి, మూత తెరిచి ఉంచండి" అని అరుస్తూ కొట్టంతా తానే అయింది. నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి.

సాయంత్రానికి కరెంటొచ్చింది. ఆమె డెల్మర్‌కు ఫోను చేసింది.

"దీపాలు వెలిగాయి. ఇక తెచ్చెయ్యి."

"ఎలా తెచ్చేది? మా ఆవిడ వెర్నా సగంవాటికి పేర్లు పెట్టేసింది. ఇప్పుడు తెస్తే నన్ను కూడా పెట్టెలో పెట్టి పంపుతుంది. సోమవారం దాణా కోసం వచ్చినప్పుడు వీటి డబ్బిస్తా."

"నువ్వు హైవే దుకాణంలో కొన్నవో?"

"అవీ నీ దాణాయే తింటాయిలే."

ఇంకో నాలుగిళ్లకు చేసింది. ఎవరూ తిరిగిచ్చేలా లేరు, అందరూ కొనుక్కుంటామనేవాళ్లే. ఆమె గట్టిగా నవ్వి, పిల్లల్ని పంపే కంపెనీకి ఫోను కలిపి, వచ్చే ఏటికి ఇంకో రెండు పెట్టెలు ఎక్కువ చెప్పింది.