ఆవిరి ఆకాశానికి వదిలిన రోజు

తాత చెయ్యి జారిపోతోందని మేస్త్రీ దాన్ని తువ్వాలుతో మీటకు కట్టేశాడు. గదిలో ఉన్నవాళ్లంతా చూశారు. చూస్తూ ఊరుకున్నారా అని మీరు అడుగుతారు. అడగండి, తప్పులేదు. కానీ ముందు ఆ గది సంగతి వినండి.

గది నడుమ గోతిలో ఆరని రాయి ఉంది. దానికి బొగ్గు అక్కర్లేదు, కట్టె అక్కర్లేదు, ఎప్పటికీ చల్లారదు. దాని మీద నీళ్లు పడితే ఆవిరి పుడుతుంది. ఆ ఆవిరితోనే ఊళ్లో మిల్లులన్నీ తిరుగుతాయి. నీళ్లు తగ్గితే రాయి తెల్లగా కాగి పగులుతుంది, ఎక్కువైతే ఆవిరి గోడల్ని ఎగరగొడుతుంది. అందుకే గోతి చుట్టూ నీటి మీటలు, మీటకొక మనిషి. మీట చేతిలో చేపలా గింజుకుంటూనే ఉంటుంది, వదలడానికి వీల్లేదు. జట్టు మారేటప్పుడు కొత్త మనిషి పాత మనిషి చేతి మీద చెయ్యి వేసి "పట్టాను" అనాలి. అప్పుడే కింది చెయ్యి బయటికి రావాలి.

బొగ్గు రోజుల్లో పొయ్యి ఆర్పేసి జనం ఇళ్లకు పోయేవారట. ఆరని నిప్పు దొరికింది, ఇక మన కష్టాలు గట్టెక్కినట్టే అని సంబరపడ్డారు పిచ్చివాళ్లు. నిప్పుకు విశ్రాంతి అక్కర్లేకపోయేసరికి మనిషికీ లేకుండా పోయింది. గుత్తేదారు మూడు జట్లను రెండు చేశాడు. "రాయే అలసిపోవడం లేదు, మీకేం పోయేకాలం?" అన్నాడు. మధ్యలో ఎవరూ బయటపడకుండా ఇనప తలుపుకు బయట తాళం వేయించాడు.

తాత ఆ కట్టుతోనే ప్రాణం వదిలాడు. పక్క మీట వదినది. ఆ జట్టులో చిన్నా పెద్దా అందరికీ ఆమె వదినే. తాత తల వాలిపోతుంటే చూస్తూ, కళ్లు తుడుచుకోవడానికైనా చెయ్యి ఖాళీ లేక అలాగే ఏడ్చింది.

మర్నాడు తాత మీటకు కొత్త మనిషి వచ్చింది. చూస్తే, వదిన సొంత ఆడపడుచు. పైగా నిండు చూలాలు.

"నీకు బుద్ధుందా? ఎందుకొచ్చావే ఇక్కడికి?"

"మా జట్టును తీసేశారుగా వదినా. ఏం తిని కనమంటావు?"

తాత చేతికి కట్టిన తువ్వాలు ఇంకా మీటకే వేలాడుతోంది. అది ఈ పిల్ల చేతికి పడకూడదు. వదిన మనసులో ఇక వేరే ఆలోచన లేదు.

మేస్త్రీ ఉండేది అద్దాల గదిలో. ఆవిరి హోరులో వాడికి మాటలు వినపడవు. అందుకే సభలన్నీ గోతి చుట్టూనే, మీటలు పట్టుకునే జరుగుతాయి.

"అందరం ఒక్కసారి వదిలేద్దాం," అన్నాడు పొడుగోడు. "దెబ్బకి దిగొస్తాడు."

"దిగొస్తే చూడ్డానికి నువ్వుంటావా?" అన్నాడు బట్టతల బాబాయి. "ఈ గోడ అవతలే మన ఇళ్లు. ముందు పేలేది మన పిల్లలే."

"పోనీ, దొరకి దణ్ణం పెట్టి అడుగుదాం," అంది ఒకావిడ.

"దణ్ణం పెట్టడానికి చేతులెక్కడున్నాయే?" అంది వదిన. ఆ కష్టంలోనూ నవ్వారు.

చెయ్యెత్తి ఓటు వేసే వీలు లేదు కనుక అక్కడ కాలితో నేలను తన్నడం ఆనవాయితీ. వదిలేద్దామన్నవాళ్లు తన్నండి అంటే పొడుగోడి కాలు ఒక్కటే మోగింది. అడుగుదామన్న మాటకు అదీ లేదు. పనిచేస్తే చావు, మానేస్తే చావు.

మధ్యాహ్నానికి ఆడపడుచు ముఖం పాలిపోయింది. "వదినా, కళ్లు తిరుగుతున్నాయ్," అంటూనే కూలబడింది. అవతలి పక్క నుంచి పొడుగోడు కాలు చాచి ఆమె మీటను తొక్కిపట్టాడు. వదిన కూడా తన మీటను కుడిచేత్తోనే బిగబట్టి, కంగారుగా ఎడమ చెయ్యి చాచింది. చేతికి తగిలింది మీట కాదు, గోడకున్న ఎర్ర పిడి. చూసుకోకుండా కిందికి గుంజేసింది.

అది ఆకాశ గొట్టం పిడి. దాన్ని ముట్టుకుంటే రాయి పేలుతుందని పనిలో చేరిన రోజే అందరికీ నూరిపోస్తారు. అందరి పైప్రాణాలు పైనే పోయాయి. ఆవిరంతా మిల్లుల దారి వదిలి హోరుమంటూ ఆకాశానికి లేచింది. రాయి మాత్రం ఎప్పటిలాగే ఎర్రగా ఉంది.

ఆడపడుచు చేతిని కట్టడానికి మేస్త్రీ తువ్వాలు కోసం పరుగెత్తుకొచ్చాడు. "కాలు జారుతోంది, ముందు మీట పట్టు!" అని పొడుగోడు అరిచాడు. మేస్త్రీ బెదిరిపోయి రెండు చేతులూ వేశాడు.

"పట్టావా?"

"ప... పట్టాను."

పొడుగోడు కాలు తీసేశాడు. మేస్త్రీ అక్కడే ఇరుక్కుపోయాడు.

ఇంతలో తాళం తీయించుకుని గుత్తేదారు వచ్చిపడ్డాడు. రాయి వంక కన్నెత్తి చూడలేదు. తిన్నగా మిల్లు గొట్టం దగ్గరికి పోయి చెవి ఆనించాడు. "మిల్లులు ఆగిపోయాయి! ముయ్యండి దాన్ని!"

పిడిని ఇంకా కిందికే నొక్కిపట్టిన వదిన అది చూసింది. ఇన్నాళ్ల భయం ఒంట్లోంచి దిగిపోయింది.

"చూశారా? వీడికి రాయి పేలుతుందన్న బెంగే లేదు! మనం నీళ్లు మానొద్దు, మీటలు వదలొద్దు. ఆవిరి మాత్రం ఆకాశానికే పోవాలి. మన పిల్లలకి ఏమీ కాదు, వీడి మిల్లులే పడుకుంటాయి. మూడో జట్టును తిరిగి పెట్టేదాకా పిడి ఎత్తేది లేదు. ఏమంటారు?"

గదిలో కాళ్లన్నీ ఒక్కసారి లేచాయి. నేల దద్దరిల్లింది.

"మేస్త్రీ, ఆ పిడి దగ్గర్నుంచి దాన్ని లాగి అవతల పారెయ్!"

"నా చేతులు ఖాళీ లేవు దొరా," అన్నాడు మేస్త్రీ ఏడుపుగొంతుతో.

గుత్తేదారు సిపాయిల కోసం పరుగెత్తాడు. తెరిచిన తలుపులోంచి, కాస్త తేరుకున్న ఆడపడుచు గోడ పట్టుకుని వెళ్లిపోయింది. అమ్మయ్య, ఇక నన్నేం చేస్తే ఏం అనుకుంది వదిన.

సిపాయిలు వస్తూ, వీళ్ల స్థానంలో నిలబెట్టడానికి తీసేసిన మూడో జట్టునే ఇళ్లలోంచి తోలుకొచ్చారు. ఒకడు వదిన చేతి మీద చెయ్యి వేసి "పట్టాను వదినా, నువ్వు ధైర్యంగా వెళ్లు," అన్నాడు. ఆ జట్టులో మిగతావాళ్లు పోయి ఎర్ర పిడి చుట్టూ నిలబడ్డారు. ఆ రాయి పక్కన తుపాకీ పేల్చే ధైర్యం ఏ సిపాయికీ లేకపోయింది. చేతికి దొరికిన వదినకే సంకెళ్లు వేసి బండి ఎక్కించారు.

బండి మలుపు తిరిగి ఆగిపోయింది. ఆగిన మిల్లుల్లోంచి నేతగాళ్లు, రంగులద్దేవాళ్లు, మోతగాళ్లు రోడ్డు మీదికి వచ్చేశారు. అందరికంటే ముందు, బండికి అడ్డంగా ఆడపడుచు కూర్చుని ఉంది.

"లేవే! నీ కోసమే కదే ఇంత చేసింది! ఇంటికి పో!" అని వదిన గొంతు చించుకుంది.

"నువ్వు దిగు వదినా, ఇద్దరం కలిసే పోదాం."

ఆమె పక్కన ఒక నేతగత్తె కూర్చుంది. ఆవిడ పక్కన ఇంకొకరు, వాళ్ల వెనక వీధి వీధంతా కూర్చుంది. పోనివ్వు, తొక్కించు అని సిపాయిల ఆఫీసరు బండివాడి మీద అరిచాడు. బండివాడు ఆ చూలాలి వంక చూశాడు. దిగి, జనం మధ్యలో చోటు చేసుకుని కూర్చున్నాడు.